మాగన్నువాడ: కలకి శబ్దం కట్టాలంటే ఏ నియమాలు పెట్టుకోవాలి?

వడపళని_ఎడిటర్ | శుక్రవారం, రాత్రి 10:15

అందరికీ నమస్కారం. చెన్నైలో ఉండే నలుగురు తెలుగువాళ్ళం కలిసి "మాగన్నువాడ" అనే కల్పిత లోకాన్ని కడుతున్నాం. చివరికి అది వినే నాటకంగా వస్తుంది. బొమ్మ ఉండదు కాబట్టి లోకమంతా చెవిలోనే నిలబడాలి. అందుకే ఇక్కడ అడుగుతున్నా.

కొండల మధ్య ఊరు. అక్కడ నిద్రపోయేవాళ్ళ కల ఊపిరితోపాటు బయటికొచ్చి, కిటికీలో వేలాడదీసిన కంచు గిన్నెలో మంచునీరుగా దిగుతుంది. తెల్లారేలోపు నాదశాల మనుషులు వచ్చి గిన్నెని కర్రతో తాకి, ఆ కలని వినిపిస్తారు. ఎండ తగిలితే నీరు ఆరిపోతుంది, కల పోతుంది. ఇన్ని తరాలూ ఇది ఇంటింటి ముచ్చట మాత్రమే. బారసాల నాడు పసిబిడ్డ గిన్నె వింటారు. పెళ్ళికి ముందు రెండిళ్ళ గిన్నెలూ పక్కపక్కన పెట్టి వింటారు. ఇప్పుడు కోటపెద్ద "రాత్రి లెక్క" అని కొత్త పథకం పెట్టాడు. ఊళ్ళో ఉన్న ప్రతి గిన్నే నాదశాలకి చేరాలి, ప్రతి కలా శబ్దంగా మారి అక్కడ భద్రంగా ఉండాలి. కథంతా ఈ పథకం చుట్టూ తిరుగుతుంది.

కథ ఉంది, మనుషులున్నారు. శబ్దమే ఇంకా దొరకలేదు. కలలో కనిపించింది శబ్దంగా ఎలా మారుతుంది? విన్నవాళ్ళకి ఏమైనా అర్థమవుతుందా? ఒకరి కల ఇంకొకరి గిన్నెలో మోగుతుందా? ప్రస్తుతానికి మంచి కలకి నీలాంబరి రాగం, పీడకలకి ఏదైనా అపస్వరం అనుకుని రాసుకున్నాను. మీరేమంటారు?

వేళచ్చేరి_గేమర్ | శుక్రవారం, రాత్రి 10:41

అన్నా, ఐడియా అదిరింది. నేనైతే ముందు ఒక నిఘంటువు తయారుచేస్తాను. పాము కలకి నాగస్వరం, నీళ్ళు కనిపిస్తే జలతరంగం, పైనుంచి పడిపోయే కలకి వేణువు మీద పై షడ్జం నుంచి కిందికి జారుడు. వినేవాళ్ళు రెండు మూడు భాగాలయ్యేసరికి ఈ గుర్తులు నేర్చేసుకుంటారు. ఆ తర్వాత పాత్రల కన్నా ముందే వాళ్ళకి కల అర్థమైపోతుంది. గేమ్‌లో అయితే ఆటగాడికి అంతకన్నా పెద్ద కిక్కు ఉండదు. నియమం ఎంత గట్టిగా ఉంటే లోకం అంత నమ్మకంగా ఉంటుంది.

రాత్రిడ్యూటీ | శనివారం, తెల్లవారుజామున 3:20

నేను నగరంలో ఒక ఆసుపత్రి స్లీప్ ల్యాబ్‌లో టెక్నీషియన్‌ని. ఈ చర్చ చదివాక రాయకుండా ఉండలేకపోయాను, ఎందుకంటే మీరు కల్పించిన పని దాదాపు నా ఉద్యోగమే.

పేషెంట్ వచ్చాక టేపుతో తల కొలిచి, చర్మం మీద పెన్సిల్‌తో గుర్తులు పెట్టి, పేస్టు రాసి ఎలక్ట్రోడ్లు అంటిస్తాం. కళ్ళ పక్కన, గడ్డం కింద కూడా. ఆ తర్వాత రాత్రంతా స్క్రీన్ మీద గీతలు నడుస్తాయి. ముప్ఫై సెకన్లకి ఒక పేజీ చొప్పున చదివి, ఏది ఏ దశో గుర్తు వేస్తాం.

గాఢనిద్రలో అలలు పెద్దవి, నెమ్మదైనవి. సెకనుకి అర నుంచి నాలుగు. స్క్రీన్ నిండా కొండల్లా లేస్తాయి. కొత్తగా చూసేవాళ్ళు, "అబ్బ, ఇప్పుడు పెద్ద కల వస్తోంది" అనుకుంటారు. నిజానికి స్పష్టమైన కలలు ఎక్కువగా వచ్చేది అక్కడ కాదు. ఇంకో దశ ఉంది. అందులో ఆ కొండలన్నీ పోయి గీత సన్నగా, చిన్న చిన్న వంకరలతో, మెలకువలో ఉన్నట్టే నడుస్తుంది. కనుగుడ్లు రెప్పల కింద గబగబా అటూ ఇటూ కదులుతాయి. గడ్డం దగ్గర గీత చదునైపోతుంది, ఒళ్ళంతా సడలిపోతుంది కాబట్టి. 1953లో చికాగోలో అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ లోకానికి చెప్పిన దశ ఇదే. ఆరోగ్యంగా ఉన్న పెద్దవాళ్ళలో సుమారు గంటన్నరకోసారి వస్తుంది. రాత్రి మొదట్లో కొద్ది నిమిషాలే, తెల్లారేకొద్దీ నిడివి పెరుగుతుంది. మనవాళ్ళు తెల్లవారుజాము కలకి అంత విలువ ఎందుకిచ్చారో నాకు ఈ కుర్చీలో కూర్చున్నాకే తెలిసింది. ఆ వేళకి కలలు పొడుగ్గా ఉంటాయి, వెంటనే మెలకువ వస్తుంది కాబట్టి గుర్తుంటాయి కూడా.

అందుకని నా సలహా ఒకటే. మీ లోకంలో గాఢనిద్ర గిన్నె గట్టిగా మోగనివ్వండి. కల దగ్గరపడేకొద్దీ శబ్దం సన్నబడాలి. నాదశాల మనిషి చెవి దగ్గరికి పెట్టుకుని వినాల్సి రావాలి.

నిఘంటువు గురించి కూడా ఒక మాట, తమ్ముడూ. గీతలు చూసి ఆ మనిషి కల కంటున్నాడని చెప్పగలను. ఏం కంటున్నాడో చెప్పలేను. తెలియాలంటే లేపి అడగాలి. 2013లో క్యోటో పరిశోధకులు నిద్రలోకి జారుతున్నవాళ్ళ మెదడుని స్కానర్‌లో చూసి, వాళ్ళకి కనిపించేది మనిషా, వీధా, వస్తువా అని కొంతవరకు పోల్చగలిగారు. దానికోసం ముగ్గురిని, ఒక్కొక్కరినీ రెండొందల సార్లకి పైగా లేపి, ఏం కనిపించిందని అడగాల్సి వచ్చింది. ఎవరి లెక్క వాళ్ళకే కట్టారు. ఒకే నిఘంటువు ఊరందరికీ పనికొస్తుందంటే నా మనసు ఒప్పుకోదు.

తంబురశ్రుతి | శనివారం, ఉదయం 8:05

మైలాపూర్‌లో పిల్లలకి సంగీతం చెబుతాను. ఎడిటర్ గారూ, నీలాంబరి వద్దండీ. జోలపాట అనగానే అందరి చెయ్యీ దాని మీదికే పోతుంది. ఎంత హాయిగా ఉన్నా అది మెలకువలో ఉన్న మనిషి కట్టిన రాగం. శంకరాభరణం జన్యం, దానికో నడక ఉంది, ఆగే చోట్లున్నాయి. పాడేవాళ్ళకి తర్వాత ఎక్కడికి వెళ్ళాలో తెలుసు. కలకి ఆ సంగతి తెలియదు. రాగం పెట్టారంటే అది కల కన్నవాళ్ళ శబ్దం కాదు, మీరు పక్కన కూర్చుని వేసిన నేపథ్య సంగీతం అవుతుంది.

నాకు కావలసింది స్వరాలు కాదు, జారు. ఒక స్వరం నుంచి బయల్దేరి ఇంకో స్వరం చేరకముందే దారి మళ్ళిపోవాలి. వినేవాళ్ళకి "ఇదిగో ఇక్కడ నిలుస్తుంది" అనిపించాలి, నిలవకూడదు.

ఒకరి కల ఇంకొకరి గిన్నెలో మోగుతుందా అని అడిగారు కదా. తంబురలో తీగకీ బ్రిడ్జికీ మధ్య సన్నటి దారప్పోగు పెడతాం. అది సరైన చోట ఉంటేనే తంబుర జుమ్మని పలుకుతుంది. వెంట్రుకవాసి పక్కకి జరిగితే అదే తీగ, అదే శ్రుతి, కానీ జీవం ఉండదు. మీ గిన్నె కిందా ఒక పోగు పెట్టండి. నిద్రపోయిన మనిషి దుప్పట్లోంచి లాగిన పోగు. అది ఉంటేనే గిన్నె పలుకుతుంది, ఇంకొకరి పోగుతో మూగగా ఉండిపోతుంది. అప్పుడు కోటపెద్ద గిన్నెలు ఎన్ని పట్టుకుపోయినా చాలదు, ఇంటి మనిషి పోగు ఇవ్వాలి. ఇవ్వనంటే ఏమవుతుందో మీరే రాసుకోండి.

పెరంబూరు_బాబాయ్ | శనివారం, ఉదయం 9:30

రైలు పెట్టెల ఫ్యాక్టరీలో ఫిట్టరుగా చేసి రిటైరయ్యాను. శ్రుతమ్మా, పోగు మాట బంగారం. నేను లోహం సంగతి చెబుతాను.

గంటలు పోసే కంచులో సుమారు నూటికి డెబ్బై ఎనిమిది పాళ్ళు రాగి, ఇరవై రెండు తగరం. తగరం ఎక్కువుంటేనే ఆ ఖంగు వస్తుంది, ఆ తగరం వల్లే పెళుసుదనం కూడా వస్తుంది. కింద పడితే సొట్ట పడదు, పగులుతుంది. పగిలిన గిన్నె మోగదు, గరగరమంటుంది. కాబట్టి మీ ఊళ్ళో గిన్నె పగలడం అంటే మామూలు సంగతి కాకూడదు.

ఇంకోటి. జలతరంగం కప్పులో నీళ్ళు పోస్తే శ్రుతి దిగుతుంది, అందరికీ తెలుసు. కానీ అడుగున నాలుగు చుక్కలుంటే పెద్ద తేడా రాదు. గిన్నె ఎక్కువగా అదిరేది అంచు దగ్గర. నీరు అంచు వైపు ఎక్కేకొద్దీ శ్రుతి దిగుతుంది. అంటే పొట్టి కలకి గిన్నె ఖాళీగా ఉన్నట్టే మోగుతుంది. రాత్రంతా కలతపడ్డవాడి గిన్నె మాత్రం బరువుగా పలుకుతుంది. నాదశాల కుర్రాడు కర్ర తాకించకముందే, గిన్నె ఎత్తిన చేతికే ఆ ఇంటి సంగతి తెలిసిపోతుంది. ఇది వాడుకో బాబూ.

మాండూక్యోపనిషత్తు చదివినవాళ్ళు ఇక్కడ ఉండే ఉంటారు. పన్నెండే మంత్రాలు. ఓంకారంలో అకారం మెలకువ, ఉకారం కల, మకారం గాఢనిద్ర. నాలుగోది తురీయం, అంటే ఆ మూడింటికీ అవతలి స్థితి. దానికి మాత్ర లేదు, శబ్దం లేదు. రాత్రిడ్యూటీ గారు చెప్పింది దీనికి ఎంత దగ్గరగా ఉందో చూడండి. గాఢనిద్రకి పెదవులు మూసిన హుంకారం, కలకి నోరు సగం తెరిచిన ఉకారం. మీ గిన్నెలకి అంతకన్నా మంచి కొలత నాకు కనిపించడం లేదు.

వడపళని_ఎడిటర్ | శనివారం, మధ్యాహ్నం 1:10

పోగు, నీటి బరువు, కల దగ్గర సన్నబడటం, మూడూ తీసుకుంటున్నాను. నీలాంబరి తీసేశాను. ఉకారం మాట చదివినప్పటినుంచి చెవుల్లో అదే తిరుగుతోంది బాబాయ్.

ఇప్పుడు అసలు చిక్కు. రెండో భాగంలో ఒకావిడకి చనిపోయిన భర్త కలలోకి వస్తాడు, మాట్లాడతాడు. పొద్దున్నే గిన్నె మోగిస్తారు. ఆవిడకి ఆయన గొంతు వినిపించాలా? డబ్బింగ్‌లో మేం గొంతులతోనే బతుకుతాం కాబట్టి, ఆ గొంతు వినిపిస్తే వినేవాళ్ళు కదిలిపోతారని నాకు తెలుసు. కానీ చూసింది శబ్దంగా మారే లోకంలో, కలలో ముందే శబ్దంగా ఉన్నది ఏమవాలి?

చెవులపిల్లి | శనివారం, సాయంత్రం 4:45

ఈ చర్చని స్క్రీన్ రీడర్ మీద మొదటినుంచీ విన్నాను. పుట్టుకతోనే నాకు చూపు లేదు. ఇప్పటిదాకా అందరూ కల అంటే కనిపించేది అనుకునే మాట్లాడారు, అందుకే రాస్తున్నాను.

నా కలల్లో బొమ్మలుండవు. గొంతులుంటాయి, అవి ఎటువైపునుంచి వస్తున్నాయో ఉంటుంది. అరికాలి కింద నేల ఉంటుంది. వాసనలుంటాయి. నాకు తరచూ వచ్చే ఒక కలలో తిరువాన్మియూర్ స్టేషన్ మెట్లు దిగుతుంటాను. చేతికింద చల్లటి రెయిలింగ్ ఉంటుంది, ఒకచోట దాని మీద పెయింట్ లేచిపోయి గరుగ్గా తగులుతుంది. మెట్లు మాత్రం అయిపోవు. కింద మా అక్క ఎవరితోనో మాట్లాడుతుంటుంది. నేను దిగేకొద్దీ ఆ గొంతు దగ్గరవ్వాలి కదా, అవ్వదు. ఈ కలలో భయమంతా ఆ దూరంలోనే ఉంది.

ఇప్పుడు దీన్ని మీ గిన్నెలో పోయండి. అక్క గొంతు అక్క గొంతుగానే వచ్చేస్తే మిగిలిందంతా పోతుంది. రెయిలింగ్ చల్లదనం పోతుంది, దగ్గరవ్వని ఆ దూరం పోతుంది. వినేవాళ్ళకి ఎవరో ఒకమ్మాయి మాట్లాడుతున్నట్టు ఉంటుంది, అంతే. ఎడిటర్ గారూ, ఆవిడకి భర్త మాటలు వినిపించకండి. గోడ అవతల మన మనిషి మాట్లాడుతుంటే ఒక్క ముక్కా అర్థం కాకపోయినా అది ఎవరో తెలిసిపోతుంది చూడండి, అంత మాత్రమే రానివ్వండి. ఆయన మాట ఎత్తు, ఆగే తీరు, ఊపిరి తీసుకునే చోటు. మాటలేమిటన్నది కల కన్న ఆవిడకే తెలియాలి.

దయచేసి ఇంకొక్కటి. నాదశాలలో దివ్యమైన చెవులున్న గుడ్డి విద్వాంసుడి పాత్ర పెట్టకండి. చూపులేనివాళ్ళని కథల్లో ఎప్పుడూ అక్కడే కూర్చోబెడతారు. మామూలుగా నిద్రపోయి, మామూలుగా కల కని, పోగు ఇవ్వనని తలుపు వేసుకునే మనిషిగా పెట్టండి.

వేళచ్చేరి_గేమర్ | శనివారం, సాయంత్రం 6:30

అక్కా, మెట్ల కల చదువుతుంటే ఒళ్ళు జలదరించింది. కానీ నా ప్రశ్న ఇంకా అలాగే ఉంది. గిన్నెలో ఏదీ అర్థం కాకపోతే "రాత్రి లెక్క" వల్ల కోటపెద్దకి ఒరిగేదేంటి? ప్రమాదం లేకపోతే కథ నడవదు. అర్థం కాని శబ్దాల కోసం ఊరంతా ఎందుకు భయపడాలి?

రాత్రిడ్యూటీ | ఆదివారం, తెల్లవారుజామున 2:50

అర్థం కాదు కాబట్టే భయపడాలి, తమ్ముడూ. గిన్నెలో భయం వినిపిస్తుంది. ఎవరంటే భయమో వినిపించదు. కోపం వినిపిస్తుంది, ఎవరి మీదో వినిపించదు. ఇప్పుడు కోటలో జీతానికి కూర్చున్న "అర్థగాళ్ళు" ఉన్నారనుకో. నువ్వు రాసిన నిఘంటువు వాళ్ళ చేతిలో పెట్టు. జారుడు శబ్దం వస్తే కుట్ర, బరువుగా మోగితే దొంగసొత్తు అని పుస్తకం చూసి చెబుతారు. పరీక్ష భయంతో కలవరించిన పిల్లాడి గిన్నె విని వాళ్ళ నాన్నని పట్టుకుపోతారు. గిన్నె ఏనాడూ అబద్ధం చెప్పలేదు. అర్థం చెప్పినవాడు చెప్పాడు.

మా ల్యాబ్‌లో పొద్దున వైర్లు తీస్తున్నప్పుడు పేషెంట్లు ఎక్కువగా అడిగే మాట, "నేనేమైనా మాట్లాడానా? నా కల మీకు తెలిసిపోయిందా?" అడిగేటప్పుడు ముఖంలో ఒక టెన్షన్ ఉంటుంది. తెలియదని చెప్పగానే భుజాలు దిగుతాయి. మీ ఊళ్ళో ఆ మాట చెప్పేవాళ్ళు ఎవరూ లేరు. కథకి అంతకన్నా ప్రమాదం అక్కర్లేదు.

వేళచ్చేరి_గేమర్ | ఆదివారం, ఉదయం 10:00

నిఘంటువు అర్థగాళ్ళకే ఇచ్చేద్దాం. వాళ్ళ పుస్తకం నేను రాస్తాను, పేజీలకి పేజీలు, ఎంతో నమ్మకంగా వినిపించేలా. వినేవాళ్ళు కూడా మొదటి రెండు భాగాలు దాన్ని నమ్మాలి. మూడో భాగంలో చెవులపిల్లి అక్క చెప్పిన మనిషి తలుపు వేసుకున్నప్పుడు పుస్తకం తప్పని వాళ్ళకి వాళ్ళే పట్టుకోవాలి.

వడపళని_ఎడిటర్ | ఆదివారం, రాత్రి 9:20

ఇవాళ స్టూడియో ఖాళీగా ఉంటే కూర్చుని చేశాను. ఎలా చేశానో రాస్తాను, ఇంకెవరికైనా పనికొస్తుంది.

నిద్రలో మెదడు అలల్ని నేరుగా వినలేం. మన చెవి సెకనుకి సుమారు 20 కంపనాల దగ్గర మొదలవుతుంది, గాఢనిద్ర అల నాలుగు దాటదు. అందుకని రికార్డింగ్‌ని 60 రెట్లు వేగంగా నడిపాను. ఎనిమిది గంటల రాత్రి ఎనిమిది నిమిషాలవుతుంది. సెకనుకి ఒక అల 60 హెర్ట్జ్ హుంకారమవుతుంది. నిద్రలో అప్పుడప్పుడు వచ్చే స్పిండిల్స్, అంటే సెకనుకి 11 నుంచి 16 దాకా ఉండే చిన్న చిన్న విసుర్లు, 660 నుంచి 960 హెర్ట్జ్ మధ్య చిటుక్కుమని మెరుస్తాయి. గంటన్నర చక్రం నిమిషంన్నరలో తిరుగుతుంది. పేషెంట్ల రికార్డింగులు ఇవ్వనని రాత్రిడ్యూటీ గారు ముందే ఖచ్చితంగా చెప్పారు, అదే సరైన పని. పరిశోధన కోసం ఫిజియోనెట్ అనే వెబ్‌సైట్‌లో అందరికీ అందుబాటులో ఉంచిన స్లీప్ రికార్డింగులు వాడాను.

ఆ శబ్దాన్ని అలాగే పెడితే యంత్రం మోగినట్టుంది. 1965లో అమెరికన్ స్వరకర్త ఆల్విన్ లూసియర్ తన మెదడు ఆల్ఫా తరంగాల్ని (కళ్ళు మూసుకుని ప్రశాంతంగా ఉన్నప్పుడు వచ్చేవి) లౌడ్‌స్పీకర్లకి పంపి, వాటి అదురుతో వాద్యాల్ని మోగించాడు. తరంగాన్ని పాటగా మార్చలేదు, వాద్యాన్ని తాకనిచ్చాడు. నేనూ చిన్న స్పీకర్‌ని కంచు గిన్నెకి ఆనించాను. గిన్నె దానంతట అదే పలికింది! మధ్యలో కలదశ రాగానే హుంకారం తగ్గిపోయి, గిన్నె అంచు మీద సన్నటి గుసగుస మిగిలింది. శబ్దం తగ్గించే మీట, ఫేడర్ మీద చెయ్యి పెట్టలేదు, ఆ తగ్గడం రికార్డింగ్‌లోనే ఉంది.

భర్త గొంతుకి మా డబ్బింగ్ ఆర్టిస్టుతో మామూలుగా డైలాగ్ చెప్పించి, 400 హెర్ట్జ్ పైనున్నదంతా కోసేశాను. హల్లులు పోయి ఎత్తుపల్లాలు, ఊపిరి మిగిలాయి. దాన్నీ గిన్నెలోంచే పంపాను. లింకు కింద పెట్టాను, హెడ్‌ఫోన్స్‌లో వినండి.

తంబురశ్రుతి | ఆదివారం, రాత్రి 10:05

విన్నాను. భర్త మాట దగ్గర ఆపి మళ్ళీ విన్నాను. ఒక్క పదం తెలియలేదు, ఆయన ఆవిడని ఏదో బతిమాలుతున్నాడని మాత్రం తెలిసింది. దీన్ని ఇంకేమీ ముట్టుకోకండి.

కలదశలో గుసగుస కొంచెం గరుకుగా ఉంది. గిన్నెకీ స్టాండుకీ మధ్య నూలుపోగు వేసి చూశారా? నా దగ్గర పాత తంబుర పోగులున్నాయి, పట్టువి, నూలువి రెండూ. తెచ్చిస్తాను.

పెరంబూరు_బాబాయ్ | ఆదివారం, రాత్రి 10:30

ఆ గరుకుదనం పోగు లేక కాదమ్మా, స్పీకర్ అంచుకి ఆనినట్టుంది. అంచు వదిలెయ్యాలి, అడుగున ఆనించాలి. అడుగు తక్కువ అదురుతుంది కాబట్టి వాల్యూమ్ కాస్త పెంచుకోవాల్సి వస్తుంది. కింద ఇనుప స్టాండు వద్దు, కొబ్బరిపీచు చుట్ట పెట్టు బాబూ. మా ఇంట్లో నాచ్చియార్‌కోయిల్ కంచు గిన్నెలు మూడు సైజులవి ఉన్నాయి. పగలగొట్టనంటేనే ఇస్తాను.

చెవులపిల్లి | ఆదివారం, రాత్రి 11:15

నా మెట్ల కల వాడుకోండి, ఇస్తున్నాను. అక్క మాట కూడా అలాగే 400 దగ్గర కోయండి, కానీ మొదటినుంచి చివరిదాకా ఒకే దూరంలో ఉంచండి. అడుగుల శబ్దం మాత్రం పెట్టకండి. రెయిలింగ్ కోసం గిన్నె అంచు మీద తడివేలు తిప్పితే సరిపోతుందేమో, పెయింట్ లేచిన చోట వేలు ఒక్కసారి తట్టుకోవాలి.

లింకు పెట్టేటప్పుడు ఫైలుకి సరైన పేరు పెట్టండి. ఇవాళ్టిది స్క్రీన్ రీడర్‌లో అంకెల వరసగా చదివింది.

వడపళని_ఎడిటర్ | ఆదివారం, రాత్రి 11:40

పేర్లు మార్చి మళ్ళీ ఎక్కించాను: "గాఢనిద్ర గిన్నె", "కలదశ గిన్నె", "భర్త మాట". వచ్చే ఆదివారం పొద్దున పదింటికి వడపళనిలో రికార్డింగ్. బాబాయ్ గిన్నెలు, శ్రుతి గారి పోగులు, తమ్ముడి అర్థగాళ్ళ పుస్తకంలో మొదటి రెండు పేజీలు కావాలి. చెవులపిల్లి గారూ, తడివేలు ఎక్కడ తట్టుకోవాలో మీరే వచ్చి చెప్పాలి, ఆ గిన్నె మీ చేతికే ఇస్తాను. రాత్రిడ్యూటీ గారికి ఆ రోజు నిద్ర కావాలి కాబట్టి ఫైళ్ళు సాయంత్రం పంపిస్తాను. ఇంట్లో ఎవరైనా రికార్డ్ చేసి పంపితే 48 కిలోహెర్ట్జ్ వేవ్ ఫైళ్ళుగా పంపండి, ఎంపీ3 వద్దు, సన్నటి భాగంలో గుసగుస పోతోంది.